పొగమంచుకి పాఠాంతరాలు

సైలెంట్ హిల్ 2 గొప్ప గేమా కాదా అని వాదించుకునే ముందు, ఏ సైలెంట్ హిల్ 2 అని అడగాలి. మనుచరిత్ర మీద వ్యాసం రాసినవాణ్ణి ‘ఏ ప్రతి చూశారండీ’ అని అడిగితే ఎవరూ నవ్వరు. గేమ్ గురించి అదే మాట అడిగితే చాదస్తం అంటారు. కానీ ఈ గేమ్‌కి లెక్కపెడితే కనీసం ఆరు ప్రతులు తేలతాయి. 2001లో ప్లేస్టేషన్ 2 మీద వచ్చింది మొదటిది. అదే ఏడాది చివర ఎక్స్‌బాక్స్ మీద వచ్చినదాంట్లో మరియా అనే పాత్రతో ఆడే చిన్న ఉపకథ అదనంగా చేరింది. ఆ ఉపకథని కలుపుకుని ప్లేస్టేషన్ 2 మీదే మరో ముద్రణ వచ్చింది. తర్వాత పీసీ, 2012లో హెచ్‌డీ కలెక్షన్, 2024 అక్టోబర్‌లో పోలండ్ స్టూడియో బ్లూబర్ టీమ్ మొత్తం మళ్లీ కట్టిన రీమేక్. పేరు ఒక్కటే. ఆడితే ఒక్కటి కాదు.

కథ తెలియనివాళ్ల కోసం రెండు ముక్కలు. జేమ్స్ అనే మనిషికి భార్య మేరీ దగ్గర్నుంచి ఉత్తరం వస్తుంది, ఫలానా ఊళ్లో ఎదురుచూస్తున్నానని. ఆవిడ చనిపోయి మూడేళ్లయింది. ఆ ఉత్తరం పట్టుకుని అతను ఊరికి వస్తాడు. ఊరంతా పొగమంచు. ఇందులో నన్ను బాగా పట్టుకున్న విషయం దెయ్యాలూ వికృతరూపాలూ కాదు, ఆ ఉత్తరమే. జేమ్స్ జేబులోని వస్తువుల జాబితాలో అది మొదట్నుంచీ ఉంటుంది. ఆట ముందుకు వెళ్లేకొద్దీ, మనం తెరిచి చూస్తే, అందులో అక్షరాలు మాయమైపోతాయి. తర్వాత ఖాళీ కాగితం. తర్వాత అదీ ఉండదు. గేమ్ ఎక్కడా దీని గురించి నోరు విప్పదు. చూసినవాడికే తెలుస్తుంది. ఎందుకు చెరిగిపోయిందో ఇక్కడ చెప్పను, ఆడబోయేవాళ్ల ఉసురు నాకెందుకు.

ఇంకో విశేషం ముగింపులు. మంచి దారి, చెడ్డ దారి అని బోర్డులు పెట్టి ఎంచుకోమనదు. మనకి చెప్పకుండా మనల్ని చదువుతూ ఉంటుంది. గాయపడితే వెంటనే మందు వేసుకున్నామా, అలాగే తిరిగామా? భార్య ఫొటో తీసి చూశామా? ఏంజెలా అనే అమ్మాయి దగ్గర తీసుకున్న కత్తిని పదేపదే తీసి చూస్తున్నామా? మరియాకి ఎంత దగ్గరగా ఉన్నాం? ఇవన్నీ లెక్కగట్టి జేమ్స్‌కి బతకాలని ఉందో లేదో నిర్ణయిస్తుంది. పాఠకుడి ప్రవర్తన నుంచి పాత్ర మనసుని తయారుచేసే ఇలాంటి పద్ధతి నవలకి సాధ్యం కాదు, సినిమాకి అసలే కాదు. గేమ్ సాహిత్యం అవుతుందా అని అడిగేవాళ్లకి నేనిచ్చే మొదటి ఉదాహరణ ఇదే.

ఇప్పుడు అసలు సంగతికి వద్దాం. 2012 హెచ్‌డీ కలెక్షన్ చేసేటప్పుడు, కొత్త బృందం చేతికి కొనామీ దగ్గర దాచి ఉన్న సోర్స్ కోడ్ వచ్చింది. తీరా చూస్తే అది విడుదలైన గేమ్ తాలూకు ఆఖరి కోడ్ కాదు, దానికి ముందుదశది. అసలు బృందం విడుదలకి ముందు సరిచేసిన తప్పులన్నీ మళ్లీ పైకి లేచాయి. ఈ మాట ఆ ప్రాజెక్టు నడిపిన టామ్ హ్యూలెట్ అప్పట్లోనే చెప్పాడు. ఫలితం అందరూ చూశారు. పొగమంచు పలచబడింది. సరస్సు మీద నీళ్లు ఎక్కడ ‘అయిపోతాయో’ కనబడిపోయింది. ఒక బోర్డు మీద అక్షరాలు కామిక్ శాన్స్ ఫాంట్‌లో ప్రత్యక్షమయ్యాయి.

దీన్ని సాంకేతిక లోపం అని కొట్టిపారేస్తారు. పొగమంచు అలంకారమైతే సరే అనుకోవచ్చు. 1999లో వచ్చిన మొదటి సైలెంట్ హిల్‌లో పొగమంచు పాత ప్లేస్టేషన్ బలహీనతని కప్పడానికి వేసిన ముసుగు. రెండో భాగానికి వచ్చేసరికి అదే కథాంశం అయింది. తనకి ఏం తెలుసో తనకే తెలియనివ్వని మనిషి కథ ఇది. ఆ మనిషి నడిచే ఊరికి అంచులు కనబడకూడదు. ప్లేస్టేషన్ 2 గ్రాఫిక్స్ చిప్‌లోనే నాలుగు మెగాబైట్ల చాలా వేగమైన మెమరీ ఉండేది. పారదర్శకమైన పొరలు ఒకదాని మీద ఒకటి వేసుకుంటూ పోవడం దానికి అలవాటైన పని. ఆ యంత్రం స్వభావం తెలిసినవాళ్లు దాని మీద రాసిన పొగ అది. ఛందస్సు మార్చి పద్యాన్ని అలాగే ఉంచడం కుదరనట్టే, యంత్రం మార్చి ఆ పొగని అలాగే ఉంచడం కుదరలేదు.

నా ఉద్యోగం సాఫ్ట్‌వేర్. పాత కోడ్ ఎలా పోతుందో నాకు వింతగా అనిపించదు. సర్వర్ మారుస్తారు, టీమ్ విడిపోతుంది, హార్డ్ డిస్క్ ఎవరి డ్రాయర్‌లోనో ఉండిపోతుంది. వింత ఏమిటంటే, సొంతదారు దగ్గర దాచిన కాపీ ఆఖరిది కానప్పుడు కూడా ఆ ఆఖరి పాఠం లక్షల ఇళ్లలో భద్రంగా ఉంది. 2001లో అచ్చయిన ప్రతి డిస్క్‌లోనూ ఉంది. కంపెనీ కంటే మీ అటక నమ్మకమైన గ్రంథాలయం అయిందన్నమాట.

ఇక్కడ మనకి తెలిసిన మనిషొకడు గుర్తొస్తాడు. సి.పి. బ్రౌన్ కడపలో బంగళా కొని, పండితుల్ని జీతాలకి పెట్టుకుని, ఒకే కావ్యానికి దొరికినన్ని తాళపత్ర ప్రతులు తెప్పించి, పక్కపక్కన పెట్టి పోల్పించాడు. ఎక్కడ లేఖకుడు జారాడో, ఎక్కడ ఎవడో సొంత పద్యం చేర్చాడో అలా పట్టుకున్నారు. వ్యాఖ్యానం తర్వాత, రసం తర్వాత. ముందు పాఠం తేలాలి. గేమ్‌ల విషయంలో ఈ పని చేస్తున్నవాళ్లు విశ్వవిద్యాలయాల్లో లేరు. రాత్రి పూట డీవీడీ డ్రైవ్ ముందు కూర్చునే నాలాంటి ఉద్యోగస్తులే ఎక్కువ.

*

ఆ పని ఎలా ఉంటుందో చెప్తాను, ఎందుకంటే అందులో ఉన్నది అచ్చంగా పాఠపరిష్కరణే.

ప్లేస్టేషన్ 2 డిస్కులు రెండు రకాలు. అడుగున నీలంగా మెరిసేవి సీడీలు, వెండిరంగువి డీవీడీలు. డీవీడీలు సులువు. మామూలు కంప్యూటర్ డ్రైవ్ చదివేస్తుంది, సెక్టార్‌కి 2048 బైట్ల చొప్పున మొదట్నుంచి చివరిదాకా లాగి ఒకే ఫైలుగా దాచుకోవచ్చు. దాన్నే ఐఎస్ఓ అంటాం. సీడీలతో వస్తుంది చిక్కు. సీడీ మీద ఒక్కో సెక్టార్ నిజానికి 2352 బైట్లు. ఫైళ్ల కోసం వాడేది అందులో 2048, మిగతాది తప్పులు దిద్దుకునే సమాచారం, చిరునామా వగైరా. మొదటి ప్లేస్టేషన్ గేమ్‌లు ఆ మిగతా చోటుని కూడా శబ్దానికీ వీడియోకీ వాడుకున్నాయి, కొన్నిట్లో సంగీతం విడి ఆడియో ట్రాకులుగా ఉంటుంది. వీటిని ఐఎస్ఓగా దింపితే సంగీతం గల్లంతు. ఫైలు తెరుచుకుంటుంది, గేమ్ నడుస్తుంది, పాట మాత్రం వినబడదు. అందుకే సీడీని 2352 బైట్ల ముడిరూపంలో బిన్ ఫైలుగా, ట్రాకులు ఎక్కడ మొదలయ్యాయో చెప్పే చిన్న క్యూ ఫైలుతో కలిపి దాస్తారు. యూరప్‌లో వచ్చిన కొన్ని పాత ప్లేస్టేషన్ గేమ్‌లు ఇంకా గడుసువి. పైరసీని పట్టుకోవడానికి, మామూలు కాపీలో రాని సబ్‌చానెల్ అనే మూలలో గుర్తులు దాచాయి. అవి కూడా ఎత్తి రాయకపోతే ప్రతి అసంపూర్ణం.

దించాక అసలు పరీక్ష. మొత్తం ఫైలు నుంచి హ్యాష్ అనే ఒక సంఖ్య లెక్కగడతాం. కొన్ని వందల కోట్ల బైట్లలో ఒక్క బిట్టు తేడా వచ్చినా ఆ సంఖ్య పూర్తిగా మారిపోతుంది. రీడంప్ అనే ప్రాజెక్టు చేసేది ఈ సంఖ్యలు సేకరించడం. గేమ్‌లు ఇవ్వరు, పోల్చుకోవడానికి కొలతలు ఇస్తారు. ఒక దేశంలో ఒకాయన తన డిస్క్ నుంచి తీసిన సంఖ్య, వేరే దేశంలో ఇంకొకరు వేరే డిస్క్ నుంచి తీసిన సంఖ్య ఒకటే అయితే ఆ పాఠం ఖరారు. బ్రౌన్ పండితులు తేడాలు వెతికారు, వీళ్లు తేడా లేకపోవడాన్ని వెతుకుతారు. నా సైలెంట్ హిల్ 2 డిస్క్ సంఖ్య సరిపోయినప్పుడు కలిగిన సంతోషం చెప్పుకుంటే మా ఇంట్లో నవ్వారు. రెండు దశాబ్దాలు చేతులు మారి, గీతలు పడి, వేసవుల్లో ఉడికి కూడా ఆ ప్లాస్టిక్ ముక్క ఒక్క అక్షరం మర్చిపోలేదు.

అన్నీ అంత అదృష్టవంతులు కావు. సీడీలో సమాచారం ఉండేది కింద మెరిసే వైపు కాదు, పైన బొమ్మ ముద్రించిన పొరకి ఆనుకుని. అటువైపు పడ్డ గీత ఇటువైపు గీత కంటే ప్రమాదం. డీవీడీలో అది రెండు ప్లాస్టిక్ పొరల మధ్య ఉంటుంది కాబట్టి కాస్త రక్షణ. ఇక లోపలి అల్యూమినియం గాలి తగిలి తినేయబడితే చేసేదేమీ లేదు. ఇది మెల్లగా జరుగుతుంది, చప్పుడు ఉండదు. జేమ్స్ జేబులో ఉత్తరం లాగే.

*

‘ఇదంతా పైరసీకి పట్టుశాలువా కదా’ అని స్నేహితులు దెప్పుతారు. ఆ మాట దాటవేయను.

మా తరం పైరసీలోనే పెరిగింది. కాలేజీ రోజుల్లో చిప్ వేయించని ప్లేస్టేషన్ 2 నేను చూడలేదు. కవర్‌లో పెట్టిన రాసిన డిస్కు వందా నూటయాభైకి దొరికేది. ఒరిజినల్ కొనే స్తోమత హాస్టల్లో ఎవరికీ లేదు. నీతి సంగతి పక్కన పెట్టి, పాఠం సంగతి చూడండి. ఆ డిస్కుల్లో చాలావాటిల్లో డీవీడీ గేమ్‌ని సీడీలో ఇరికించడానికి వీడియోలు పీకేసేవాళ్లు, సంగీతం తగ్గించేవాళ్లు. కథ మధ్యలో తెర నల్లబడి, మనుషులు వేరే చోట తేలేవాళ్లు. అదేదో ప్రయోగం అనుకుని మేం అర్థాలు తీసేవాళ్లం. అంటే ఒక తరం మొత్తం ఖండితప్రతులు చదివి అభిరుచి ఏర్పరచుకుంది. సొంత డిస్కు నుంచి, కొలత సరిచూసి, ఒక్క బైటు కూడా వదలకుండా దించుకునే పని దీనికి సరిగ్గా ఎదురు దిక్కున ఉంది. పైరేటుకి గేమ్ ఆడితే చాలు. పరిష్కర్తకి గేమ్ పూర్తిగా ఉండాలి.

చట్టం కూడా పూర్తిగా గుడ్డిది కాదు. 1957 నాటి మన కాపీరైట్ చట్టం 52వ సెక్షన్, కంప్యూటర్ ప్రోగ్రామ్ ప్రతిని న్యాయంగా కలిగినవాడు పోతుందేమో, పాడవుతుందేమో అనే జాగ్రత్త కోసం బ్యాకప్ చేసుకోవడాన్ని ఉల్లంఘన కాదంటుంది. 2012లో చేర్చిన 65ఎ మాత్రం రక్షణ తాళాలు పగలగొట్టడాన్ని నేరం చేసింది, కొన్ని మినహాయింపులతో. గేమ్ అంటే ప్రోగ్రామ్ ఒక్కటే కాదు, సంగీతం, బొమ్మ, నటన కూడా. ప్రోగ్రామ్‌కి కుట్టిన చొక్కా దానికి అన్నిచోట్లా సరిపోదు. అమెరికాలో 2000లో సోనీకీ కనెక్టిక్స్‌కీ నడిచిన కేసులో, ఎమ్యులేటర్ రాయడం కోసం ప్లేస్టేషన్ లోపలి కోడ్‌ని విప్పి చదవడం న్యాయమైన వాడకమేనని అప్పీళ్ల కోర్టు చెప్పింది. అయినా ఆ దేశంలోనే వీడియో గేమ్ హిస్టరీ ఫౌండేషన్ 2023లో లెక్క తీస్తే, 2010కి ముందు అక్కడ విడుదలైన గేమ్‌లలో 87 శాతం ఇవాళ కొనడానికి దొరకవు. పరిశోధకులు గ్రంథాలయాల నుంచి వాటిని దూరం నుంచే ఆడి చూసేందుకు అనుమతి అడిగితే 2024లో కాపీరైట్ ఆఫీసు కాదంది. అమ్మరు, అరువివ్వరు. అప్పుడు మిగిలేది ఎవరింట్లో డిస్క్ ఉందో వాళ్లే.

*

డిస్కు దించేశాం కాబట్టి గేమ్ బతికింది అనుకోవడంలోనూ తొందరపాటుంది. ఎమ్యులేటర్ మీద నాకున్న ఫిర్యాదు ఇదే.

పీసీఎస్ఎక్స్2 తెరిచి, నా కన్సోల్ నుంచి తీసుకున్న బయోస్ ఇచ్చి, సైలెంట్ హిల్ 2 నడిపిస్తే మొదట చేతులు సెట్టింగ్స్ వైపు పోతాయి. రిజల్యూషన్ నాలుగు రెట్లు, ఆరు రెట్లు. జేమ్స్ కోటు మీద కుట్లు కనబడతాయి. గోడ బొమ్మ ఎంత చిన్నదో, దాన్నే ఎన్నిసార్లు అతికించారో కూడా కనబడుతుంది. ఈ గేమ్ చేసినవాళ్లు తెర మీద కావాలని సినిమా రీలు గరుకుతనం చల్లారు. లావుపాటి ట్యూబు టీవీలో అది, పొగ, చీకటి కలిసి ఒక ముద్దగా ఉండేవి. స్పష్టత మీద పగబట్టిన కళని మనం స్పష్టంగా చూడాలనుకుంటున్నాం. హెచ్‌డీ కలెక్షన్‌ని తిట్టిన చేతులే ఇంట్లో అదే పని చేస్తాయి. నేను అసలు రిజల్యూషన్‌లోనే ఆడతాను. అది నియమం కాదు, చదివే పద్ధతి.

సేవ్ స్టేట్ ఇంకా లోతైన చిక్కు. ఎక్కడంటే అక్కడ ఆపి, దెబ్బ తగిలితే ఒక మీట నొక్కి వెనక్కి పోవచ్చు. సుఖంగా ఉంటుంది. కానీ ఈ గేమ్ మన గాయాల్ని బట్టి మనల్ని చదువుతుందని చెప్పాను కదా. దెబ్బ తగిలిన ప్రతిసారీ కాలాన్ని వెనక్కి తిప్పేవాడి జేమ్స్‌కి గాయాలే ఉండవు. అతను తన ప్రాణాన్ని ఎంతో జాగ్రత్తగా చూసుకునే మనిషని గేమ్ లెక్క వేస్తుంది. అంటే మన పిరికితనాన్ని జీవితేచ్ఛగా చదివి, దానికి తగ్గ ముగింపు వైపు తోస్తుంది. పాఠం మారలేదు, హ్యాష్ సరిపోయింది, అర్థం మాత్రం తప్పింది.

కొన్ని విషయాలు డిస్కులో ఉండనే ఉండవు. ప్లేస్టేషన్ 2 కంట్రోలర్ బటన్లు ఎంత గట్టిగా నొక్కామో కూడా కనిపెట్టేవి. మెటల్ గేర్ సాలిడ్ 2లో గురిపెట్టిన తుపాకీని కాల్చకుండా దించాలంటే వేలు మెల్లగా వదలాలి. గభాలున వదిలితే పేలుతుంది. ఆ తటపటాయింపుని గేమ్ వేలికొసలో పెట్టింది. ఇవాళ్టి మామూలు కంట్రోలర్‌లో ఆ బటన్‌కి అవును, కాదు తప్ప మూడో మాట రాదు. డిస్కు ఇమేజ్ స్వరం రాసిన కాగితం లాంటిది. గమకం పాడేవాడి గొంతులో ఉంటుంది. అందుకని కాగితం వద్దనలేం. కాగితమే పోతే గమకం గురించి వాదించడానికి కూడా ఏమీ ఉండదు.

*

నిజం చెప్పాలంటే సైలెంట్ హిల్ 2 గురించి నాకు బెంగ లేదు. దానికి ప్రపంచమంతా అభిమానులున్నారు. పీసీ ప్రతిని ఏళ్ల తరబడి మరమ్మతు చేసి అసలుకి దగ్గరగా తెచ్చినవాళ్లున్నారు, రీమేక్ కూడా బాగానే ఆడింది. నా బెంగ మన ఊరి డిస్కుల గురించి.

2009లో ప్లేస్టేషన్ 2 కోసం ‘హనుమాన్: బాయ్ వారియర్’ వచ్చింది. చేసింది హైదరాబాద్‌లోని ఆరోనా టెక్నాలజీస్, ప్రచురించింది సోనీ. పూర్తిగా ఇండియాలో తయారై కన్సోల్ మీదకొచ్చిన మొదటి గేమ్‌గా దాన్ని చెప్పుకున్నారు. అదే ఏడాది హైదరాబాద్‌లోనే గేమ్‌శాస్త్ర చేసిన ‘దేశీ అడ్డా’ వచ్చింది. కబడ్డీ, గాలిపటాలు, కర్రాబిళ్ల. ఒకప్పుడు వీధిలో ఆడిన ఆటని తిరిగి టీవీ ముందు ఆడమనడంలోని విచిత్రం గురించే ఒక వ్యాసం రాయొచ్చు. హనుమాన్‌కి అప్పటి రివ్యూలు పెదవి విరిచాయి. అమెరికాలో ఉండే రాజన్ జెడ్ దేవుణ్ణి బటన్లతో ఆడించడం అపచారమనీ, గేమ్ వెనక్కి తీసుకోవాలనీ సోనీని డిమాండ్ చేశాడు. ఈ గొడవ వార్తలు ఇవాళ కూడా ఒక్క నిమిషంలో దొరుకుతాయి. పాత డిస్కు దొరకబుచ్చుకోవడం మాత్రం అంత తేలిక కాదు.

ఈ కథ మనకి ముందే తెలుసు. మొదటి తెలుగు టాకీ ‘భక్త ప్రహ్లాద’ ప్రింటు లేదు. అది 1931లోదా, 1932లోదా అన్నది కూడా సినిమా చూసి కాదు, పాత పత్రికలూ సెన్సార్ వివరాలూ తవ్వి పరిశోధకులు తేల్చుకోవాల్సి వచ్చింది. సినిమా పోయి, ప్రకటనలు మిగిలాయి. పుస్తకాలకైతే 1954 చట్టం ఉంది, ప్రచురణకర్త ప్రతి పుస్తకాన్నీ కోల్‌కతా జాతీయ గ్రంథాలయానికి పంపాలి. గేమ్‌లకి ఆ చట్టంలో చోటు లేదు.

హనుమాన్ గొప్ప గేమ్ అని నేను వాదించడం లేదు. కానీ చెడ్డ గేమ్ అని చెప్పాలన్నా అది ఎదురుగా ఉండాలి. దైవాన్ని ఆడించడం అపచారమా, పురాణాన్ని కొత్త వేళ్లకి అందించడమా అన్న చర్చ నిజంగా ఆసక్తికరమైనది. హరికథకుడు హనుమంతుడై గెంతితే అభ్యంతరపెట్టని మనం, బటన్ నొక్కి గెంతిస్తే ఎందుకు ఉలిక్కిపడతాం? ఆ ప్రశ్నకి జవాబు వార్తల కటింగుల్లో లేదు. బటన్ నొక్కితే తెర మీద ఏం జరుగుతుంది, ఎంత ఆలస్యంగా జరుగుతుంది, బాలహనుమంతుడు కిందపడితే గేమ్ ఏం చేస్తుంది అనే వివరాల్లో ఉంది. ఆ వివరాలు సెక్టార్‌కి 2048 బైట్ల చొప్పున ఎక్కడో ఒక అటక మీద, పాత కవర్లో, ఈ ఎండల్లో ఉన్నాయి. రీమేక్ చేయడానికి ఏ పోలండ్ స్టూడియో రాదు.

కొత్త ల్యాప్‌టాపుల్లో డీవీడీ డ్రైవ్ తీసేసి చాలా కాలమైంది. బయట తగిలించుకునేవి ఇంకా దొరుకుతున్నాయి, గేమ్ కంటే చవక. ఇంట్లో ప్లేస్టేషన్ డిస్కులుంటే ముందు బొమ్మ వైపు చూడండి, గీతలున్నాయేమో. తర్వాత దించి, కొలత తీసి, ఆ కొలతని ఎక్కడైనా రాసిపెట్టండి. రెండో ప్రతి ఉన్నవాడు ఏదో ఒకరోజు పోల్చుకుంటాడు.